కింది మంచం రాజ్యాంగం

దేశం కాని దేశంలో, క్రాంజీలోని ఆ కార్మికుల వసతి గృహంలో, మూడో అంతస్తు ఆరో గదికి బసవయ్య ముఖ్యమంత్రి అయ్యాడు. అయినా పడుకునేది పై మంచం మీదే. మంచం మీద మంచం, పక్కన ఇనుప నిచ్చెన. పదిహేనేళ్ళు గొంతుక్కూర్చుని కట్టడాలకు ఇనుప కడ్డీలు కట్టీ కట్టీ మోకాళ్ళు అరిగిపోయిన మనిషికి ఆ నాలుగు మెట్లే నాలుగు అంతస్తులు. అతనికి పదవి అక్కర్లేదు, కింది మంచం కావాలి.

గదిలో పన్నెండు మందీ నారాయణపేట వైపు వాళ్ళే. ఊళ్ళో అరుగు మీద కూర్చునేవాళ్ళకు ఇక్కడ కింది మంచాలు, అరుగు కింద నిలబడేవాళ్ళకు పై మంచాలు. ఆరేళ్ళ కిందట, ఎవరూ చెప్పకుండానే వచ్చిన రోజే అలా సర్దుకుపోయారు. బసవయ్యది పైన, దాని కిందిది రామన్న పటేలుది.

ఆదివారాలు ఇంగ్లీషు నేర్పడానికి వచ్చే మహీధర్ ఈ ఏర్పాటు చూసి మండిపడ్డాడు. యూనివర్సిటీలో అతని పరిశోధన దక్షిణాఫ్రికా మీద. తెల్లవాళ్ళు నల్లవాళ్ళను వేరుగా ఉంచే పద్ధతి పోయాక, అక్కడ కేంద్రమూ తొమ్మిది రాష్ట్రాలూ పాలన ఎలా పంచుకున్నాయో అతనికి కంఠతా వచ్చు. ఈ అంతస్తులోనూ గదులు సరిగ్గా తొమ్మిది. ఇంకేం, మూడు ఆదివారాల్లో రాజ్యాంగం రాసిపారేశాడు. అంతస్తు కేంద్రం, గదులు రాష్ట్రాలు. గదికో ముఖ్యమంత్రి, అందరికీ కలిపి ఒక రాష్ట్రాల మండలి, అందులో గది పెద్దదైనా చిన్నదైనా ఒకటే ఓటు. పై మంచం, కింది మంచం అన్న భేదం రద్దు. పటేలా అన్న పిలుపూ రద్దు, ఇకనుంచి అందరూ అందరికీ గారే. రామన్న తన మంచం మీద పడుకునే అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టాడు.

బసవయ్య అర్జీ పెట్టాడు. అక్కడే పడింది పీటముడి. నివాసం అన్నది కేంద్రమూ రాష్ట్రమూ కలిసి చూసుకోవలసిన అంశమట. గది అర్జీని అంతస్తుకు పంపింది. నొప్పి నిజమేనని ముఖ్యమంత్రి ధ్రువీకరించాలంటూ అంతస్తు తిప్పి పంపింది. తన నొప్పి నిజమేనని బసవయ్య సంతకం పెట్టాడు. సొంత మోకాలికి ముఖ్యమంత్రి సాక్ష్యం చెల్లదని మళ్ళీ వెనక్కి వచ్చింది. చివరికి మండలిలో ఓటింగు పెడితే తొమ్మిదికి తొమ్మిదీ పడ్డాయి. మండలిలో ఆరో గది ప్రతినిధిగా చెయ్యెత్తింది రామన్నే. కింది మంచం బసవయ్యగారి హక్కు అని తీర్మానించారు, ఉన్న వనరుల మేరకు, క్రమక్రమంగా. ఖాళీ మంచం లేదు కనుక వనరులు లేవు.

ఆ మధ్యాహ్నం బసవయ్య మంచాల మధ్య నేల మీద చాప పరుచుకున్నాడు. నడిచే దారి కేంద్రం ఆస్తి అని అరగంటలో నోటీసు వచ్చింది. ఆక్రమణదారుకు నోటీసు ముఖ్యమంత్రి చేతుల మీదుగానే అందాలి. కనుక మహీధర్ దాన్ని ముఖ్యమంత్రికి ఇచ్చాడు, ముఖ్యమంత్రి చాప మీది తనకే ఇచ్చుకున్నాడు. ఇచ్చినట్టు ఒకటి, పుచ్చుకున్నట్టు ఒకటి, రెండు సంతకాలూ పెట్టాడు. పెట్టాక ఒళ్ళు మండింది. ఈ ఆరేళ్ళలో రామన్నను లెమ్మని తాను ఒక్కసారీ అడగలేదన్న సంగతి అప్పుడు తట్టింది. అడగవచ్చునని కూడా ఎన్నడూ అనుకోలేదు.

“రామన్నా,” అన్నాడు. పటేలా అనలేదు, గారూ అనలేదు. “నా మోకాళ్ళు గుంజుతున్నయ్. నువ్వు లే. నేనీడ పండుకుంట.”

మహీధర్ గబగబా కాగితాలు తిరగేశాడు. ఇలాంటిది ఏ అధికరణంలోనూ లేదు. రామన్న కాసేపు అటూ ఇటూ చూసి, లేచాడు. నిచ్చెన దగ్గర ఏ కాలు ముందు వెయ్యాలో తెలియక నిలబడిపోతే, ఎడమకాలు వెయ్యమని బసవయ్యే చెప్పాడు. ఎలాగో ఎక్కి, కూర్చోబోయి, తల ఠంగున పైకప్పుకు కొట్టుకున్నాడు.

“ఈడ కూసోనీకె లేదు గదరా,” అన్నాడు పైనుంచి.

“లేదు,” అన్నాడు బసవయ్య, కింద కాళ్ళు బారచాపుకుంటూ. “ఆరేండ్లాయె.”