గంజి పెట్టిన చీర

నన్ను ఇంతవరకు నడిపించిన దేవునికి స్తోత్రం. ఇవాళ తార్నాకలో ఇస్త్రీ బండి దగ్గర గంజి వాసన తగిలి మా నాయినమ్మ గుర్తొచ్చింది.

పంతొమ్మిది వందల అరవైల చివర, నా చిన్నతనం. ముసలివాళ్ల పింఛనుతో బతికేవాళ్ల మీద డాక్యుమెంటరీ తీస్తానని యూనివర్సిటీ నుంచి ఒక సారు మాణికేశ్వర్ నగర్‌లోని మా గుడిసెకు వచ్చాడు. ఆ పొద్దున మేం తాగాల్సిన గంజిని నాయినమ్మ తను ఆదివారం చర్చికి కట్టుకునే తెల్లచీరకు పెట్టింది. అంత మంచి చీర సినిమాలో కనబడితే ఆఫీసువాళ్లు పింఛను ఆపేస్తారని నాకు భయం. ఆమె కట్టుకోగానే కొంగుకు బూడిద పూశాను.

నాయినమ్మ తిట్టలేదు. చీర మార్చుకుని, దాన్ని మళ్లీ ఉతికి కుండలో మిగిలిన గంజి పెట్టడానికి కూర్చుంది.

"పాత చీరైనా నడుస్తది అవ్వా," అన్నాడు సారు.

"నీకు నడుస్తది, నాకు నడువది. దేవుని ముందట ఎట్ల కూసుంటనో, గీ మిషను ముందట గట్లనే కూసుంట."

"పింఛను పోతదే," అన్నాను.

"పోతే పోనీ బిడ్డా."

సారు కెమెరా పక్కన పెట్టి, చీర ఎండేదాకా వాకిట్లోనే కూర్చున్నాడు.

పింఛను ఆగలేదు. ఆగినా ఆమె అలాగే కూర్చునేదని ఇప్పుడు తెలుస్తోంది. పింఛను వరుసలో నిలబడినవాళ్ల కోసం మీరూ నాతో ప్రార్థించండి: ప్రభువా, వారి అనుదినాహారముతో పాటు గంజి పెట్టిన చీరను కూడా వారికి దయచేయుము.