దూది అంటిన అప్పు

ఆ వీధిలో పరుపులు కుట్టే మేస్త్రిని పేరు పెట్టి పిలిచినవారు లేరు. అందరికీ ఆయన లేదయ్యే. చేబదులు అడిగినా, చందా అడిగినా, చివరికి చిల్లర అడిగినా ఆయన నోట వెలువడేది "లేదు" అన్న ఆ ఒక్క మాటే. లేను, లేవు, లేడు అంటూ పురుషను బట్టి రూపం మార్చుకొనే ఆ క్రియ ఆయన దగ్గరికి వచ్చేసరికి మార్పెరుగని అవ్యయమైపోయింది. సరే, వ్యాకరణానికేం, అది ఎక్కడికీ పోదు. ముందు ఆయన పడిన పాట్లు చూద్దాం.

అటువంటి లేదయ్య జన్మకొక్కసారి "ఉంది" అన్నాడు. అదీ తోడల్లుడితో. కుర్చీలూ బల్లలూ అద్దెకిచ్చే ఆ తోడల్లుడు మాటలతో కోటలు కట్టగల సమర్థుడు. కొత్త కుర్చీలు కొంటానని మూడు లక్షలు పట్టుకుపోయి, బదులుగా ఒక చెక్కు చేతిలో పెట్టాడు. బ్యాంకులో వేస్తే అది గోడకు కొట్టిన బంతిలా తిరిగివచ్చింది. నోటీసు పంపితే తోడల్లుడు ఉలకలేదు, పలకలేదు. వ్యవహారం కోర్టుకెక్కింది.

సంతకం తనదేగాని అప్పు తీసుకోలేదని, అది ఎప్పుడో పూచీకిచ్చిన ఖాళీ చెక్కని తోడల్లుడి వాదన. సంతకం ఒప్పుకుంటే బాకీ ఉన్నట్టే భావించమంటుంది చట్టం. కాని అవతలివాడు గట్టి అనుమానం పుట్టిస్తే, అంత సొమ్ము ఇవ్వగల స్తోమత తనకుండేదని అప్పిచ్చినవాడే చూపించుకోవాలి. అనుమానం పుట్టించడానికి వీధి వీధంతా సిద్ధంగా ఉంది.

"ఈయన దగ్గర మూడు లక్షలా?" అని టీకొట్టు యజమాని సాక్షి బోనులో పొట్ట పట్టుకొని నవ్వాడు. "టీ డబ్బులడిగితే రేపంటాడండీ. ఆ రేపు ఇంతవరకూ రాలేదు."

ఏళ్ల తరబడి ఇటుక మీద ఇటుక పేర్చి కట్టుకున్న దరిద్రం అలా లేదయ్య నెత్తినే కూలింది.

విరామంలో వకీలు ఆయనను వరండా స్తంభం చాటుకు లాగాడు.

"డబ్బెక్కడ దాచావో బోనులో చెప్పు. లేకపోతే కేసు గోవిందా!"

"చెప్తే మా ఆవిడ వింటుందండీ. ఆ సొమ్ము ఎవరో పెద్దమనిషి దగ్గర అప్పు తెచ్చి ఇచ్చానని ఆవిడతో అన్నాను. పెళ్లయిన దగ్గర్నుంచీ ఆవిడకీ లేదనే చెప్తున్నాను."

"మూడు లక్షలు కావాలా, ఇంట్లో శాంతి కావాలా?"

"రెండూ కుదరవాండీ?"

కుదరలేదు. బోనెక్కిన లేదయ్య, వెనక బెంచీ మీద సంచీ ఒళ్లో పెట్టుకొని కూర్చున్న భార్యను ఒకసారి చూసి, నేల చూపులు చూస్తూ, "నా పరుపులో దాచానండీ," అన్నాడు.

గది గొల్లుమంది.

"చూసినవాళ్లున్నారా?" అని ఎదుటి వకీలు వెటకరించాడు.

"ఎవరూ చూడకపోతేనే కదండీ దాచడం!"

"నేను చూశాను," అంటూ భార్య లేచి నిలబడింది. న్యాయమూర్తి అనుమతితో ఆమె బోనెక్కింది. "ఏటా పరుపు ఎండలో వేసినప్పుడు కుట్టు విప్పి చూసేదాన్నండీ. పిల్ల ఫీజుకి కావలసింది తీసుకొని, మళ్లీ కుట్టేసేదాన్ని."

సొమ్ము తరిగినప్పుడల్లా తన లెక్కే తప్పిందనుకున్న లేదయ్యకు సొమ్ము బాధ పట్టలేదు. "నా కుట్టు మీద కుట్టావా? నాకు తెలియకుండానా?" అని కేకపెట్టాడు.

"మీకంటే సన్నగా కుడతాను. మీకెలా తెలుస్తుంది?"

న్యాయమూర్తి బల్ల చరిచాడు. ఎదుటి వకీలు అందుకున్నాడు. "అంతా కట్టుకథ! ఆ సొమ్మే నా కక్షిదారుకి చేరిందనడానికి గుర్తేమిటమ్మా?"

"దూదండీ. దులపడం ఈయనకి చేతకాదు. ఆ నోట్లకి కాస్తో కూస్తో దూది అంటుకునే ఉంటుంది."

"కాస్తో కూస్తోనా వదినా?" ముద్దాయిగా నిలబడ్డ తోడల్లుడు ఉండబట్టలేకపోయాడు. "లెక్కపెట్టినందుకు వారం రోజులు తుమ్మాను!"

అతడి వకీలు కళ్లజోడు తీసి జేబులో పెట్టుకున్నాడు. ఆ తుమ్ములు యథాతథంగా రాతకెక్కాయి.

తీర్పు అనుకూలంగా వచ్చింది, సొమ్మూ వచ్చింది. పోయినదల్లా లేదయ్య పేదరికమే. మర్నాడు పొద్దున్నే దుకాణం మెట్టెక్కినవాడు మరెవరో కాదు, టీకొట్టు యజమాని.

"మేస్త్రీ, ఓ పదివేలు సర్దవయ్యా."

లేదయ్య అలవాటుగా నోరు తెరిచాడు. పాత మాట నాలుక చివరిదాకా వచ్చి, సిగ్గుపడి వెనక్కి పోయింది. పక్కన భార్య కొత్త పరుపుకు అంచు కుడుతోంది. కుట్లు చీమలబారులా సాగుతున్నాయి.

"మా ఆవిడనడుగు," అన్నాడు.

ఆమె తలెత్తలేదు, సూది ఆపలేదు.

"లేదన్నయ్యా."