భూములు సమానమైతే

ఇరవై రెండేళ్లుగా నేను రెవెన్యూ శాఖలో గ్రామ సహాయకుణ్ణి. సర్వేయరు వెంట నడిచి గొలుసు లాగడం, గట్టురాళ్లు చూపించడం నా పని. పదో తరగతి పూర్తిచేసినవారికే పై ఉద్యోగం. ఓపెన్ స్కూలులో మిగిలినవన్నీ గట్టెక్కాను కానీ, లెక్కల్లో రెండుసార్లు తప్పాను. ఈసారీ తప్పితే, మరుసటి పరీక్ష నాటికి నా వయసు పదోన్నతి పరిమితిని దాటుతుంది. డైరీలో మూడుసార్లు లెక్క వేసి చూశాను. పదకొండు రోజులు మించిపోతున్నాయి.

ముదిగుబ్బలో ఆదివారం తరగతులు జరిగేవి. పాఠం చెప్పే ఆమె నాకన్నా పదేళ్లు చిన్న. మొదటివారం నల్లబల్ల మీద 4ˣ = 8² అని రాసింది. కింది సంఖ్య భూమి, దాని నెత్తిన చిన్నగా కూర్చున్నది ఘాతాంకం. "భూములు సమానమైతే ఘాతాంకాలు సమానం" అన్నది సూత్రం. భూమి అన్న మాట చెవిన పడితే నాకు విస్తీర్ణం తప్ప మరొకటి తోచదు. లేచి నిలబడి, నాలుగూ ఎనిమిదీ సమానం కావు కనుక ఈ లెక్క చెల్లదన్నాను.

"ఏమన్నా, లెక్కకి గూడా అడంగల్ అడుగుతాండావా?" అందామె, మా భూముల రిజిస్టరు పేరెత్తి. తరగతి నవ్వింది. "నాలుగైనా ఎనిమిదైనా యాడనుంచి వచ్చినాయి? రెండును రెండుతో గుణించుకుంటా పోతే వచ్చినాయి. సబ్ డివిజన్లు వేరైనా మూల సర్వే నంబరు ఒకటే గదా?"

"ఒకటే మేడమ్."

"అయితే ఆ మూలానికి పో."

పోయాను. 2²ˣ = 2⁶. భూములు సమానం కనుక 2x = 6, x = 3. ఆ తరువాత ఎన్ని లెక్కలు చేసినా జవాబు నిండు సంఖ్యగానే వచ్చింది. అలాగే వస్తుందని నమ్మాను.

పరీక్ష కేంద్రం కొత్తచెరువులో పడింది. నాలుగు మార్కుల ప్రశ్న: 9ˣ = 27 అయితే x ఎంత? మూలం మూడు. 3²ˣ = 3³, 2x = 3. x ఒకటిన్నర. ఆ సగాన్ని నమ్మలేకపోయాను. సరిచూడకుండా ఏదీ వదలని అలవాటు నాది. ఒక తొమ్మిది, తొమ్మిదిలో సగం నాలుగున్నర. రెండూ గుణిస్తే నలభైన్నర. ఇరవై ఏడు కాదు. జవాబు కొట్టేశాను.

అంతవరకు నికరంగా తెలిసి రాసిన మార్కులు కూడి చూశాను. ముప్పై రెండు. కావలసినవి ముప్పై అయిదు. సూత్రం తప్పయి ఉండాలి, లేదా నేను సరిచూసిన తీరు తప్పయి ఉండాలి. ఏది తప్పో తేల్చే జ్ఞానం నాకు లేదు. చివరి గంట కొట్టడానికి ఆరు నిమిషాలుండగా, కొట్టేసిన జవాబు కిందే మళ్లీ x = 3/2 అని రాశాను. చదవని కాగితం మీద సంతకం చేసినట్లు భయపడుతూ రాశాను.

బయట బడి గేటు దగ్గర, మమ్మల్ని చూడడానికి వచ్చిన మేడమ్ కనిపించింది. జరిగింది చెప్పాను.

"సగం ఘాతమంటే సగం చేసేది కాదన్నా, వర్గమూలం. తొమ్మిదికి ఎంత?"

"మూడు."

"తొమ్మిది మూళ్లు?"

"ఇరవై ఏడు" అన్నాను. "కొట్టేసింది చూస్తారా, రాసింది చూస్తారా మేడమ్?"

"అది దిద్దేవాళ్లకే తెలియాల. నువ్వయితే కొట్టేసేదాంట్లో మొనగాడివి."

ఫలితాలు వచ్చేవరకు ప్రతి రోజూ డైరీలో 32 అని, దాని కింద 36 అని రాశాను. ఏ ఒక్కదాన్నీ ఎంచుకునే ధైర్యం లేకపోయింది. చివరకు వచ్చింది ముప్పై ఆరు. ఆనాటి పుటలో 32ను కొట్టేయబోయి, ఆగి, ఫలితం మరొకసారి చూసుకుని వచ్చాకే కొట్టేశాను.