షరతులతో తిరిగొచ్చిన లైసెన్సు

ఆ శుక్రవారం ఉదయం బుదైయా నుంచి ఈసా టౌన్‌కి వెళ్తూ ఒక సిగ్నల్ దగ్గర కారు ఆపాను. ఎర్రలైటు పడటం గుర్తుంది. ఆ తర్వాత గుర్తున్నవి వెనక కార్ల హారన్లు, నా భుజం పట్టుకుని కుదుపుతున్న రత్నం చెయ్యి.

"అక్కా, పచ్చలైటు పడి ఎంతసేపయ్యింది! ఎనకాలోళ్ళు తిట్టిపోత్తన్నారు. యల్లా, పోనియ్యి!"

పోనిచ్చాను. కొంచెం దూరం వెళ్ళాక, "నేనేం చేస్తున్నానే ఇందాక?" అని అడిగాను.

"పెదాలు కదుపుతున్నావు, చేత్తో బెల్టు తడుముకుంటన్నావు. ప్రార్థన చేసుకుంటన్నావేమోలే అని ఊరుకున్నా. అయినా సిగ్నల్లో అంత ప్రార్థనేంటక్కా, హాలుకెళ్ళేదాకా ఆగలేవా?"

వెనక సీట్లోవాళ్ళు నవ్వారు. నేనూ నవ్వాను.

మేము బహ్రెయిన్ వచ్చి పదకొండేళ్ళు. మా ఆయన బుదైయాలో ఒక మొక్కల నర్సరీలో సూపర్‌వైజర్. నేను ఈసా టౌన్‌లో ఒక స్కూల్లో ల్యాబ్ అసిస్టెంట్‌ని. మా అమ్మాయి కెజియా అదే స్కూల్లో ఆరో తరగతి చదివేది. శుక్రవారం ఇక్కడ సెలవు, నర్సరీకి జనం ఎక్కువ కాబట్టి ఆయనకి డ్యూటీ ఉంటుంది. అందుకని ఈసా టౌన్‌లో ఒక హాల్లో మా తెలుగు క్రైస్తవ సహవాసం జరిపే ఆరాధనకి నేనూ పాపా వెళ్ళేవాళ్ళం. దారిలో విల్లాల్లో పనిచేసే ముగ్గురు తెలుగు ఆడవాళ్ళని ఎక్కించుకునేదాన్ని. రత్నం వాళ్ళలో ఒకతె. కోనసీమ మనిషి, వంట పని. ఆమె మేడమ్ పెట్టిన నియమం ఒకటే: నా కారు వస్తే వెళ్ళాలి, లేకపోతే ఇంట్లో ఉండాలి. టాక్సీ లేదు, బస్సు లేదు. వారం మొత్తంలో ఆ నాలుగు గంటలే రత్నం గేటు దాటేది.

నిజానికి సిగ్నల్ దగ్గర జరిగింది మొదటిది కాదు. అంతకు రెండు నెలల ముందు నుంచీ ఉన్నట్టుండి కడుపులోంచి ఏదో అల లేచినట్టు ఉండేది. మాడిన పాల వాసన వచ్చేది. ఈ క్షణం ఇంతకుముందే జరిగిందే అనిపించేది. అరనిమిషంలో పోయేది, ఒళ్ళంతా తేలికైపోయేది. నేను సువార్తికుడి కూతుర్ని. చిన్నప్పటి నుంచీ వాక్యం మధ్య పెరిగాను, ఇక్కడి సహవాసంలో పిల్లలకి ఆదివారపు పాఠాలు శుక్రవారం చెప్తాను. ఆ అలని దేవుని సమీపం అనుకున్నాను. స్త్రీల కూడికలో సాక్ష్యంగా కూడా చెప్పాను. అందరూ స్తోత్రం అన్నారు. దేవుడు సమీపంగా ఉంటాడని ఇప్పుడూ నమ్ముతాను. కానీ అది ఆయన కాదు, నా మెదడులో ఒక మూల ఉన్న జబ్బు.

సిగ్నల్ సంగతి జరిగిన మూడు వారాలకి స్కూల్ పార్కింగ్‌లో నా కారు మెల్లగా వెళ్ళి సిమెంటు స్తంభానికి గుద్దుకుంది. వేగం లేదు కాబట్టి ఎవరికీ దెబ్బ తగల్లేదు. పక్కన కెజియా ఏడుస్తోంది.

"అమ్మా, బ్రేక్ అని ఎన్నిసార్లు అరిచానో! నువ్వు నా వంక చూశావు గానీ పలకలేదు. నువ్వు నువ్వులా లేవు."

ట్రాఫిక్ పోలీసు వచ్చి ఏం జరిగిందని అడిగాడు. నాకు గుర్తులేదని ఉన్నదున్నట్టు చెప్పాను. ఆ మాటతో నన్ను ఆసుపత్రికి పంపారు.

న్యూరాలజిస్ట్ బహ్రెయినీ ఆవిడ. యాభై దాటి ఉంటాయి, తలకి నల్లటి గుడ్డ, మాట నెమ్మది. ఈఈజీ తీశారు, తర్వాత ఎమ్మారై. ఫిల్ము చూపించి, "మెదడులో ఎడమవైపు, టెంపోరల్ లోబ్‌లో చిన్న మచ్చ ఉంది. చిన్నతనంలో ఫిట్స్ వచ్చాయా?" అని అడిగింది. నాకు తెలియదు. అక్కడి నుంచే అమ్మకి ఫోన్ చేశాను.

"రెండో ఏట జ్వరంలో వచ్చాయే. అందరం మోకాళ్ళేసి ప్రార్థించాం, తగ్గిపోయింది. ఇప్పుడా ఊసెందుకు?" అంది అమ్మ.

డాక్టర్ చెప్పిన పేరు ఫోకల్ సీజర్స్, అంటే ఎపిలెప్సీ, మన మాటలో మూర్ఛ. లెవెటిరాసెటామ్ మాత్రలు ఉదయం ఒకటి, రాత్రి ఒకటి. చివరికి కాగితం మడుస్తూ, "ఇవాళ్టి నుంచి మీరు కారు నడపకూడదు. ఆరు నెలలు ఒక్క సీజర్ కూడా రాకపోతే అప్పుడు ఆలోచిద్దాం. ఇది నేను రిపోర్టులో రాయాలి," అంది.

రాసింది. లైసెన్సు సస్పెండ్ అయింది. జబ్బు పేరు విన్నప్పుడు రాని ఏడుపు లైసెన్సు కార్డు ఇచ్చేసినప్పుడు వచ్చింది.

కెజియాని స్కూల్ బస్సులో వేశాం. నన్ను ఒక టీచర్ తన కారులో తీసుకెళ్ళేది. శుక్రవారం సహవాసంలో ఒక కుటుంబం చుట్టు తిరిగి వచ్చి మా ఇద్దర్నీ ఎక్కించుకునేది, వాళ్ళ కారులో ఇంకొకరికి చోటు లేదు. నాతో వచ్చే ముగ్గురిలో ఒకామె కాంట్రాక్టు అయిపోయి ఇంటికి వెళ్ళిపోయింది. ఇంకొకామె యజమానురాలు టాక్సీకి ఒప్పుకుంది. రత్నం మేడమ్ ఒప్పుకోలేదు.

రత్నం ఫోన్ చేసేది. "అక్కా, ఎప్పుడిత్తారంట నీ లైసెన్సు? శుక్రవారం వచ్చిందంటే ఈ ఇల్లు చెరసాల్లాగుంది. పాటలు ఫోన్లో ఇంటన్నా గానీ, పక్కన మనిషి గొంతు లేకపోతే అదేం పాటక్కా?"

ఆమెకి అసలు కారణం చెప్పలేదు. కళ్ళు తిరుగుతున్నాయంట అని చెప్పాను. ఎపిలెప్సీ అన్న మాట సహవాసంలో పాస్టర్‌గారికి, ఆయన భార్యకి తప్ప ఎవరికీ తెలియనివ్వలేదు. ఆడపిల్ల ఉన్న ఇల్లు, నలుగురూ నాలుగు రకాలుగా అనుకుంటారని భయం.

మాత్రలు పనిచేశాయి. అల రాలేదు, మాడిన పాల వాసన రాలేదు. నాలుగు నెలలు గడిచి ఐదోది మొదలైంది. అప్పుడు సహవాసంలో మూడు రోజుల ఉపవాస ప్రార్థన పెట్టారు. నా ప్రార్థన అంశం ఒకటే: లైసెన్సు తిరిగి రావాలి, రత్నం మళ్ళీ ఆరాధనకి రావాలి. మా ఇంట్లో ఉపవాసమంటే నాన్నగారి పద్ధతి. పొద్దుగూకేదాకా నీళ్ళు కూడా ముట్టం. మరి నీళ్ళు లేకుండా మాత్ర ఎలా వేసుకుంటాం? ఉదయం మాత్ర మానేశాను. రాత్రి మాత్ర దగ్గరికొచ్చేసరికి, పగలంతా దేవుని మీద ఆధారపడి రాత్రి మాత్ర మీద ఆధారపడటమేమిటి అనిపించింది. అదీ మానేశాను. ఎవరూ మానమని చెప్పలేదు. నాకు నేనే చెప్పుకున్నాను.

రెండు రోజులు ఏమీ కాలేదు. విశ్వాసం బలపడిందనుకున్నాను.

మూడో రోజు హాల్లో పాట పాడుతూ పడిపోయాను. ఈసారి ఒళ్ళంతా కొట్టుకుందట, నాలుక తెగింది. కెజియా నా తల కింద తన బ్యాగు పెట్టిందని తర్వాత చెప్పారు. మెలకువ వచ్చేసరికి ఎమర్జెన్సీలో ఉన్నాను. ఆ సాయంత్రం మా న్యూరాలజిస్టే వచ్చింది.

"డోసు ఏదైనా మానారా?"

"లేదు డాక్టర్," అన్నాను, తెగిన నాలుకతోనే.

ఇంట్లో తగ్గని మాత్రల అట్ట చూసొచ్చిన మా ఆయన నా వంక తిరిగి తెలుగులో, "దేవుని పేరు మీద మాత్ర మాని, ఇప్పుడు ఆవిడ ముందు అబద్ధమాడతావా?" అన్నాడు. తర్వాత ఇంగ్లీషులో ఆవిడకి అంతా చెప్పాడు.

ఆవిడ కోప్పడలేదు. కుర్చీ లాక్కుని కూర్చుంది. "నేనూ ఉపవాసం ఉంటాను. రంజాన్ రావడానికి నెల ముందే నా పేషెంట్లు వచ్చి అడుగుతారు. కొందరికి మాత్రల వేళలు మారుస్తాను. కొందరికి ఈ ఏడు మీరు ఉండకూడదని చెప్తాను. మీరు నన్నెందుకు అడగలేదు?"

మా ఉపవాసం ఆవిడకి అర్థం కాదనుకున్నాను. తీరా చూస్తే ఉపవాసం సంగతి ఆవిడకి నాకంటే బాగా తెలుసు.

"ఆరు నెలలు ఈ రోజు నుంచి మళ్ళీ లెక్క," అని చెప్పి, డోసు పెంచి వెళ్ళింది.

మర్నాడు పాస్టర్‌గారు వచ్చారు. మంచం పక్కన కుర్చీలో కూర్చున్నారు.

"అమ్మా, మాత్రలు మానమని నేనెప్పుడూ చెప్పలేదే?" అన్నారు.

"చెప్పలేదు అయ్యగారూ. వేసుకోమని కూడా ఎప్పుడూ చెప్పలేదు."

ఆయన తల వంచుకుని, "నిజమే," అన్నారు. ఆ తర్వాత ప్రతి ఉపవాస ప్రార్థనకీ ముందు వారమే, మందులు వాడేవాళ్ళు డాక్టర్‌ని అడిగి రావాలని స్టేజీ మీద నుంచి ప్రకటిస్తున్నారు. పడిపోయిన రోజు అందరూ చూశారు కాబట్టి నా జబ్బు ఇక రహస్యం కాదు, హాలుకి రాని రత్నానికి తప్ప. ఒకరిద్దరు నాకు విశ్వాసం చాలలేదన్నారు. ఎక్కువమంది కూర వండి పంపారు.

రెండోసారి ఆరు నెలలు మొదటిదానికంటే కష్టంగా గడిచాయి. పెరిగిన డోసుతో కోపం వచ్చేది, చిన్న చిన్న విషయాలకే. ఒక రోజు బీకరు పగిలిందని ఒక పిల్లని ఏడ్చేదాకా తిట్టాను. డాక్టర్‌కి చెప్తే, "అది మాత్ర వల్ల కావచ్చు. ఈసారి చెప్పారు, మంచిది," అని నవ్వి డోసు సర్దింది. ఫోన్లో అలారం పెట్టాను. అది మోగితే కెజియా, "అమ్మా, బిళ్ళ!" అని గదిలోంచి అరుస్తుంది. ఇప్పుడు మాత్ర చేతిలో పెట్టుకుని స్తోత్రం చెప్పే వేసుకుంటాను. అన్నం ముందు ప్రార్థించేదాన్ని, దీనిముందు ఎందుకు ప్రార్థించకూడదు?

ఆరు నెలలు దాటాక డాక్టర్ రిపోర్టు ఇచ్చింది. మెడికల్ కమిటీ ముందు కూర్చున్నాను. ఎక్కడెక్కడికి నడపాలో రాయమన్నారు. స్కూలు, ఆసుపత్రి అని రాసి ఆగాను. శుక్రవారం ప్రార్థన కూడా రాయవచ్చా అని అడిగాను. కాగితాలు చూస్తున్న పెద్దాయన తలెత్తకుండానే, "ప్రార్థనే కదా, రాయండి," అన్నాడు.

నా కేసులో వచ్చిన అనుమతి ఇది: పగలు మాత్రమే, సొంత కారు మాత్రమే, రాసిన ఆ మూడు చోట్లకే. ఇంటివాళ్ళు తప్ప వేరేవాళ్ళని ఎక్కించుకోకూడదు. ఆరు నెలలకి మళ్ళీ పరీక్ష. ఇంకొకరికి ఇలాగే ఇస్తారని నేను చెప్పలేను.

ఇంటివాళ్ళు తప్ప అన్న మాట దగ్గర నా కళ్ళు ఆగిపోయాయి. పదకొండు నెలలు నేను దేవుణ్ణి అడిగింది రత్నం కోసం కూడా.

లైసెన్సు వచ్చిందని రత్నానికి ఎవరు చెప్పారో, మొదటి శుక్రవారం వాళ్ళ మేడమ్ విల్లా గేటు బయట నిలబడి ఉంది. ఇస్త్రీ చీర, చేతిలో సంచి. కారు ఆపి అద్దం దించాను.

"రత్నం, నిన్ను ఎక్కించుకోకూడదే. కాగితంలో అలా రాశారు."

"అయ్యో అక్కా, ఇరవై నిమిషాలే గదా! ఎవరు చూత్తారు? ఎవరైనా అడిగితే నీ చెల్లెల్నని చెప్తా. చెల్లెల్ని కాదా ఏంటి?"

చెల్లెలే. వెనక సీటు ఖాళీగా ఉంది. అడ్డంకి కాగితమొక్కటే అయితే ఆ రోజు తలుపు తీసేసేదాన్నేమో. కానీ పార్కింగ్‌లో కెజియా ఏడుపు నాకు తెలుసు. కారు పక్కకి పెట్టి ఇంజను ఆపాను. "నాకు కళ్ళు తిరగడం కాదు రత్నం, ఫిట్స్," అని చెప్పాను.

రత్నం సంచి రెండు చేతులా పట్టుకుంది. "అంటే ఆ రోజు సిగ్నల్ కాడ..."

"అదే."

"మరి నేను ఇన్నాళ్ళూ దాన్ని ప్రార్థనని ఊరంతా చెప్పానే!" అంది. కాసేపటికి, "ఇంతకాలం నాకెందుకు చెప్పలేదక్కా?" అంది. నేను కారు దిగాను.

"మీ మేడమ్‌తో నేను మాట్లాడతాను, పద," అన్నాను.

ఆవిడ వరండాలోకి వచ్చింది. ఇంగ్లీషులో మొత్తం చెప్పాను. జబ్బు పేరు కూడా చెప్పాను. రత్నాన్ని వేరే ఎవరితోనైనా పంపమని అడిగాను.

"అంటే అన్ని శుక్రవారాలూ మీరు ఆ స్థితిలో నడుపుతుంటే ఈమె మీ కారులో వెళ్ళిందా?" అంది ఆవిడ.

"అవును మేడమ్. అప్పుడు నాకు తెలియదు. తెలిసిన రోజు నుంచి నడపలేదు."

ఆవిడ రత్నం వైపు తిరిగింది. "ఇవాళ వద్దు," అని లోపలికి వెళ్ళిపోయింది. రత్నం కూడా వెళ్ళిపోయింది. నేనూ కెజియా హాలుకి బయల్దేరాం. చెప్పి ఇంకా చెడగొట్టానేమో అనుకున్నాను.

మూడు శుక్రవారాలు అలాగే గడిచాయి. నాలుగో శుక్రవారం రెండో పాట నడుస్తుండగా వెనక తలుపు తీసి రత్నం వచ్చి నా పక్కన కూర్చుంది. మేడమ్ తన సొంత డ్రైవర్‌నిచ్చి పంపిందట.

"ఏమందే?" అని చెవిలో అడిగాను.

"ఏమన్లేదు. 'ఆ కారావిడ అబద్ధం చెప్పదు, ఆవిడ పక్కనే కూర్చో, ఒంటిగంటకి బండి వత్తాది' అంది. నువ్వు పాడు ముందు, పాట అయిపోతంది."

ఇప్పుడు అనుమతి వచ్చి నాలుగు నెలలైంది. సీజర్ రాలేదు. ఇంకో రెండు నెలలకి మళ్ళీ పరీక్ష. షరతులు ఎత్తేస్తారో లేదో తెలియదు. అందుకోసం ప్రార్థిస్తున్నాను. అలారం మోగినప్పుడల్లా మాత్ర వేసుకుంటున్నాను. శుక్రవారాల్లో నేను ఒక కారులో, రత్నం ఇంకో కారులో వస్తాం.

నాలాంటి విశ్వాసులకి ఒక్కటే చెప్తాను. మీరు రోజూ వేసుకునే మందు ఏదైనా ఉంటే, ఉపవాసం తీర్మానించుకునే ముందు మీ డాక్టర్‌కి ఫోన్ చేసి మూడు సంగతులు చెప్పండి: ఎన్ని రోజులు, ఏ వేళ నుంచి ఏ వేళ వరకు, నీళ్ళు తాగుతారా లేదా. వేళలు మార్చమంటే మార్చండి, వద్దంటే ఆ రోజులన్నీ తింటూనే ప్రార్థించండి. ఆ డాక్టర్ ఏ మతంవారైనా సరే, సిగ్గుపడకుండా అడగండి.