మంచు చేయడానికి కట్టెలు కాల్చిన కథ

మే నెల నడిఎండలో ఒక పెండ్లి మొత్తానికి కాగే నీళ్లు తాగించిన ఘనుడెవరయ్యా అని మీరు అడిగితే, కొంచెం సిగ్గుపడుతూనే చెయ్యెత్తుతాను. అప్పట్లో నేను పనిచేసింది ఐసు ఫ్యాక్టరీలో అని కూడా చెబితే మీరు నమ్మరు. నమ్మకపోతే నాకే మంచిది. అయినా జరిగింది జరిగినట్టు చెప్పేస్తాను.

తొంభైల నాటి మాట. మాది హత్నూర. పదో తరగతి గట్టెక్కి, నాలుగేండ్లు అటూ ఇటూ తిరిగి, పటాన్‌చెరులో ఒక సేటు నడిపే చిన్న ఐసు ఫ్యాక్టరీలో హెల్పరుగా చేరాను. పని పెద్దగా రాదు కానీ లోకంలో నాకు తెలియంది లేదనుకునేవాణ్ణి. కారణం నా నోటుబుక్కు. పేపర్లలో "మీకు తెలుసా?" అంటూ వచ్చే ముక్కలన్నీ కత్తిరించి, అన్నం మెతుకులతో అందులో అంటించేవాణ్ణి. బజ్జీలు కట్టిచ్చిన కాగితాన్ని కూడా నూనె పిండి చదివేవాణ్ణి. చదివింది కడుపులో దాచుకుంటే ఎవరికీ నష్టం లేదు. నేను దాచుకునే రకం కాదు.

మా మిస్త్రీ ఖాజా మామ. ముప్పై ఏండ్లుగా ఐసు తప్ప మరో ధ్యాస లేని మనిషి. ఒకనాడు ఆయన అన్నం తింటుంటే పక్కన చేరాను.

"మామా, ఆక్టోపస్‌కు మూడు గుండెలుంటయట, ఎరుకేనా?"

"గది మన దగ్గర ఐసు కొంటదా?"

"కొనదు."

"మరి నాకెందుకు రా దాని ముచ్చట? పో, డబ్బాలు కడుగు."

"పోనీ ఇది విను. బొద్దింక తలకాయ తెగినా శాన దినాలు బతుకుతదట."

"నిన్ను జూస్తే తెలుస్తలేదా," అని ఆయన చెయ్యి కడుక్కున్నాడు.

ఇంతలో ఖాజా మామ బిడ్డకు పెండ్లి కుదిరింది. పెండ్లికొడుకుది సదాశివపేట. వాళ్ల పెదనాన్న ఒక పెద్దమనిషి, గడ్డం నిండా గోరింటాకు, మాట నిండా వ్యంగ్యం. సంబంధం ఖాయమైన రోజు ఆయన అన్నాడట: "ఐసు మిస్త్రీ బిడ్డను చేసుకుంటున్నం. మాకు వేరే మర్యాదలేం వద్దు. మండే ఎండల వస్తం, చల్లటి షర్బతు తాగిపియ్యిండ్రి, చాలు." ఖాజా మామ గుండె మీద చెయ్యేసుకుని మాటిచ్చాడు. అదీ అసలు సంగతి. బిర్యానీ మాడినా ఫరవాలేదు, ఐసు మాత్రం తప్పకూడదు.

పెండ్లి శుక్రవారం. గురువారం తెల్లవారగానే ఖాజా మామ స్వయంగా ఇరవై పొడుగు డబ్బాల్లో నీళ్లు నింపి, ఉప్పునీళ్ల తొట్టిలో దింపాడు. తొట్టిని యంత్రం చల్లబరుస్తూ ఉంటుంది, డబ్బాల్లో నీళ్లు ఒకటిన్నర రోజుకు గడ్డ కడతాయి. మా పనంతా అంతే.

"రేపు మాపటికి గడ్డలైతయి. పెండ్లికొడుకు బారాతు మాపటికే వస్తది. సేటు ఊర్ల లేడు. నువ్వు మోటారు ఆగకుంట సూస్కో. ఇంకేం చెయ్యకు. సమజైందా? ఏం చెయ్యకు," అని రెండుసార్లు చెప్పి వెళ్లాడు.

మధ్యాహ్నం ఆయన బామ్మర్ది స్కూటరు మీద వచ్చాడు. "యాదగిరీ, బారాతు మాపటికి కాదట, రేపు పగటీలి జుమ్మా నమాజు కాంగనే వస్తదట. ఐసు అప్పటికైతదా? కాకుంటె చెప్పు, సంగారెడ్డిల ఇప్పుడే మాట్లాడుకుంటం."

బుద్ధున్నవాడైతే "కాదు" అనేవాడు, కథ అక్కడితో అయిపోయేది. కానీ అదే క్షణంలో నోటుబుక్కులోని ఒక ముక్క నా కళ్ల ముందు తళుక్కుమంది. చల్లటి నీళ్లకన్నా వేడి నీళ్లే ఒక్కోసారి తొందరగా గడ్డ కడతాయట. ఆఫ్రికాలో ఒక బడిపిల్లవాడు ఐస్‌క్రీమ్ చేస్తూ గమనించాడట. "ఒక్కోసారి" అన్న మాటను నేను అంటించేటప్పుడే మెతుకు కింద పెట్టేశానేమో.

"బరాబర్ అయితది," అన్నాను.

అల్పుడికి ఐశ్వర్యం వస్తే అర్ధరాత్రి గొడుగు పట్టమన్నాడట. నావంటివాడికి ఒక విశేషం దొరికితే ఐసు ఫ్యాక్టరీలో పొయ్యి ముట్టిస్తాడు. పెండ్లి ఇంట్లో చోటు లేక బిర్యానీ వండే పెద్ద డేగులూ కట్టెలూ మా షెడ్డులోనే పెట్టారు. రెండు డేగుల నిండా నీళ్లు పోసి మంట పెట్టాను. వాచ్‌మన్ మల్లయ్య తాత పొగ చూసి ఉరికొచ్చాడు.

"ఏందిరా బిడ్డా గీ పొయ్యి?"

"ఐసు చేస్తున్న తాతా."

తాత మంట వంక చూశాడు, నా వంక చూశాడు. "అట్లనా. మరి బిర్యానీ ఐసు మీద వండుతరా?"

చదువు లేనివాళ్లతో వాదన దండగనుకున్నాను. డబ్బాల్లో అప్పటికే అంచుల వెంట పలచగా మంచు పట్టిన నీళ్లను కాలువలో పారబోసి, ఇరవై డబ్బాల్లోనూ పొగలు కక్కే నీళ్లు పోసి తొట్టిలో దింపాను. తొట్టి బుసబుసమంది. మోటారు మూలిగింది. కాసేపటికి ఆగిపోయింది. మళ్లీ వేశాను, మళ్లీ ఆగింది. ఖాజా మామ ఆగనివ్వద్దన్నాడు కదా, మూడోసారి కూడా వేశాను. ఈసారి కాలిన వాసన వచ్చింది. కొండ నాలుకకు మందు వేస్తే ఉన్న నాలుక ఊడిందంటారు, నా వైద్యానికి మోటారు వైండింగే పోయింది.

అప్పుడైనా వెళ్లి చెప్పాలి కదా అంటారు మీరు. నేనింకా ఆ ఆఫ్రికా పిల్లవాణ్ణే నమ్ముకున్నాను. శుక్రవారం పొద్దున డబ్బాలో చెయ్యి పెట్టి చూస్తే నీళ్లు గోరువెచ్చగా, చంటిపిల్లకు లాల పోయడానికి సరిగ్గా సరిపోయేలా ఉన్నాయి.

సేటుగారి లూనా బండి తీసుకుని సంగారెడ్డికి పరుగెత్తాను. అక్కడ బతిమాలితే ఒక్క గడ్డ ఇచ్చారు. గోనెసంచిలో చుట్టి వెనక కట్టుకుంటే, దారిలో కంది ఊరు దాటేసరికి బండి తేలికైంది. పటాన్‌చెరు చేరేసరికి సంచి తడిగా ఉంది, అంతే. ఆ తడిని పిండితే ఒక గ్లాసు షర్బతుకైనా చాలదు.

షామియానా వెనకాల ఖాజా మామను పట్టుకున్నాను. కొత్త షేర్వానీ, అత్తరు, ముఖం నిండా సంతోషం.

"మామా, ఐసు లేదు."

"ఎందుకు లేదు?"

"వేడి నీళ్లు పోసిన."

"దేంట్ల?"

"డబ్బాలల్ల."

ఆయన తిట్టలేదు. చుట్టిపెట్టిన జంపకానా మీద కూలబడ్డాడు. "నా బిడ్డ జిందగీ అంత గీ మాట పడ్తది రా. మీ అబ్బ ఐసు మిస్త్రీ అయ్యుండి గ్లాసు చల్లటి నీళ్లు ఇయ్యలే అంటరు," అంటూ కళ్లు తుడుచుకున్నాడు. నాలుగు తన్నినా ఇంత బాధ ఉండేది కాదు. నాకు ఏడుపొచ్చింది, నా నోటుబుక్కు మీద అసహ్యం వేసింది.

అంతలో పందిట్లోంచి పెండ్లికొడుకు పెదనాన్న గొంతు: "ఏం ఖాజా భాయ్, ఐసు మిస్త్రీ ఇంట్ల గొంతు తడుపుకునేదానికి ఏం లేదా?"

షెడ్డుకు ఉరికి, డబ్బాల్లోని ఆ గోరువెచ్చటి నీళ్లనే ఒక జగ్గులో ముంచుకొచ్చి పందిట్లోకి నడిచాను. ఆయన ఒక గుక్క తాగి ముఖం చిట్లించాడు.

"గివి వేడిగున్నయేంది?"

నోరు దానంతటదే తెరుచుకుంది. "చైనాల తిండిలోకి వేడినీళ్లే తాగుతరు పెద్దాయనా. ఎండకాలం గూడ. చల్లటియి ముట్టనే ముట్టరు."

ఖాజా మామ కళ్లు మూసుకున్నాడు. పెదనాన్న మరో గుక్క తాగి, గ్లాసంతా ఖాళీ చేసి, పొట్ట నిమురుకుని, నాలుగు బల్లల దాకా వినబడేంతగా త్రేన్చాడు.

"ఆరు నెలల సంది ఆగిన గ్యాసు," అన్నాడు తన్మయత్వంతో. "మా హకీం సాబ్ గిదే చెప్తె నేనే వినలే. ఖాజా భాయ్, చల్లటి నీళ్లు ఎవలైనా ఇస్తరు. పెద్దోళ్ల పానం సంగతి ఇంతగనం సోంచాయించినవ్ సూడు, అది ఖాన్‌దాన్ అంటె. కని ఇవి సల్లారినయి. జెర మంచిగ కాగబెట్టి అందరికి పొయ్యిండ్రి."

కట్టెలన్నీ ఐసు కోసం నిన్ననే కాల్చేశాను కదా. బిర్యానీకే మల్లయ్య తాత ప్యాకింగు పెట్టెల చెక్కలు తెచ్చి పుణ్యం కట్టుకున్నాడు. మిగిలిన చెక్కలతో నేను నీళ్లు కాచాను. ఆ ఎండలో పెండ్లివారంతా పెద్దాయనకు ఎదురు చెప్పలేక, చెమటలు కార్చుకుంటూ ఊదుకుంటూ తాగారు. పెండ్లికూతురు తల ఎత్తుకుని అత్తారింటికి వెళ్లింది.

నెల తిరక్కుండానే సేటు నన్ను పిలిపించాడు. ఖాజా మామ పక్కనే ఉన్నాడు.

"సదాశివపేట నుంచి మూడు పెండ్లిళ్ల ఐసు వద్దని కబురొచ్చింది. గిప్పుడు ఆడ పెండ్లిళ్లల్ల వేడినీళ్ల రివాజట. మోటారు కాలవెట్టినవ్, నేనేమన్ననా? ఐసు ఫ్యాక్టరీ తిండి తినుకుంట ఊరికి వేడినీళ్లు అలవాటు చేస్తవా రా?"

"అట్ల అనకు సేట్," అన్నాడు ఖాజా మామ మీసం సవరించుకుంటూ. "అది మా వియ్యంకులు మొదలువెట్టిన రివాజు."

సేటు ఒక ఐసుగడ్డ తెప్పించి, దాని మీద నా కుడి అరచెయ్యి పెట్టించి ప్రమాణం చేయమన్నాడు. పేపర్లో చదివిన ఏ విశేషాన్నయినా ముందు మా ఇంట్లో ఒక గ్లాసులో పరీక్షించకుండా ఇతరుల పెండ్లిళ్లలో ప్రయోగించనని, పంచభూతాల సాక్షిగా, గంభీరంగా పలికాను. సేటు సరిగ్గా వినబడలేదన్నాడు. వేళ్లు మొద్దుబారేదాకా నాతో అదే మాట పదకొండుసార్లు చెప్పించాడు.