సొంత ఆఫీసు తాళం బద్దలుకొట్టిన మేడం

కింది వాటాలో ఎవరో ఎండు నెత్తళ్ళు వేయిస్తున్నారు. ఇంట్లోవాళ్ళు కిటికీలు మూస్తుంటే నేను తెరుస్తున్నాను. ఆ వాసనతో నాకు మా మేరీ కమల మేడం గుర్తొస్తారు. ఈ మాట ఆవిడ వింటే "ఏటయ్యా, నేను నెత్తళ్ళ కంపా?" అని పగలబడి నవ్వేవారు.

రాష్ట్రం విడిపోయిన కొత్తలో ఆవిడ శ్రీకాకుళంలో మా ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు. నేను ఆవిడ కింద, అంతకంటే ఎక్కువగా భయం కింద పనిచేసే అసిస్టెంటు ఇంజనీరుని. నౌపడ దాటాక సముద్రపొడ్డున చేపలు ఎండబెట్టుకునే సిమెంటు గట్టు కడుతున్నాం. అంతకుముందున్న అధికారి ఆ కాంట్రాక్టు రద్దుచేసి గేటుకి తాళం వేయించాడు. రద్దు చెల్లదు, స్థలం కాంట్రాక్టరు అప్పలనాయుడికి తిరిగి అప్పగించండని హైకోర్టు తీర్పిచ్చింది. ఆ అధికారి ఉత్తర్వుని కదపలేదు గానీ, బదిలీ ఆయన్ని కదిపింది. తరవాత వచ్చిన కోర్టు ధిక్కారం నోటీసు కుర్చీలో ఉన్న మేడం మీద పడింది. హైకోర్టు అప్పటికింకా హైదరాబాదులోనే ఉంది, అక్కడికి వెళ్ళి స్వయంగా జవాబు చెప్పుకోవాలి. జైలు కూడా పడొచ్చు. ఆవిడకేమో రిటైర్మెంటు దగ్గరపడింది.

మా ఇంట్లో నా మాటకి ధిక్కారం రోజూ ఉండేదే. కోర్టు ధిక్కారం మాత్రం కొత్త. సీనియర్ల దగ్గర విన్న చిట్కా చెప్పాను: "బీపీ అని ఆస్పత్రిలో చేరిపోండి మేడం, వాయిదా దొరుకుతుంది."

"నాకు బీపీ లేదయ్యా. మీరున్నారు కదా, అదే వచ్చేస్తాది."

అంతలో పై అధికారి ఫోను. అప్పీలు వేస్తున్నాం, తాళం తీయొద్దు అన్నాడు.

"అప్పీలు వేసినంత మాత్రాన ఉత్తర్వు ఆగదు కదండీ. తీయొద్దని రాసివ్వండి సార్, కోర్టుకి చూపిస్తాను," అన్నారావిడ. అటువైపు లైను ఉన్నట్టుండి పాడైపోయింది. ఆవిడ జీపెక్కారు.

గేటు దగ్గరికి చేరాక చూస్తే తాళంచెవి ఎవరి దగ్గరుందో ఎవరికీ తెలియదు. ఇసకలో చేపలు ఆరబెడుతున్న ఎర్రమ్మ పెద్ద రాయి తెచ్చి మేడం చేతికిచ్చింది.

"ఏటమ్మా, నీ ఆఫీసు తాళం నువ్వే బద్దలు కొడతన్నావా?"

"మరేటి సేత్తాను? ఇది ఊడకపోతే నా ఉద్యోగం ఊడతాది!"

తాళం ఊడింది. కబురందుకుని వచ్చిన అప్పలనాయుడు తల గోక్కున్నాడు: "నాను మిమ్మల్ని బోనెక్కించాలని కేసేత్తే, మీరేటమ్మా నాకే గేటు తీత్తన్నారు?"

"జైలుకెళ్ళడానికి నాకు ఖాళీ లేదు నాయుడూ. రేపే పని మొదలెట్టు. వానలొచ్చేత్తే ఈళ్ళ సేపలన్నీ పాడైపోతాయి."

వాయిదా రోజున అప్పలనాయుడి వకీలే లేచి ఉత్తర్వు అమలైందని చెప్పాడు. కేసు మూసేశారు. వేయని అప్పీలు మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

ఇప్పుడు అలాంటి కుర్చీలోనే నేనూ కూర్చున్నాను. కోర్టు ఉత్తర్వు వస్తే ముందు నేనే పూర్తిగా చదువుకుంటాను, వెంటనే బండి తీయమంటాను. సలహాలు దారిలో వింటాను. భయం పోయిందని కాదు. దాన్ని కూడా పక్కన కూర్చోబెట్టుకుని వెళ్తాను.