మూకీ బొమ్మకు నాయన మాట

మొన్న మనవరాలు ఫోనులో ఏదో పాత ఇంగ్లీషు మూకీ సినిమా చూస్తూ, "అవ్వా, వీళ్లు నోరు కదుపుతారు గానీ మాట రాదేంది?" అని అడిగింది. నాకు మా నాయన గుర్తొచ్చాడు. పుత్తూరు హైస్కూల్లో ఆయన ఇంగ్లీషు అయ్యవారు. పాఠం చెబితే గొంతు వీధి దాకా వినబడేది. మా పెదనాయన ముందు మాత్రం దగ్గు కూడా అణుచుకునేవాడు.

డెబ్బైల చివర్లో ఒక సాయంత్రం, తిరుపతి నుంచి ఎవరో అలాంటి సినిమానే మా స్కూలుకు తెచ్చారు. ఇంగ్లండులో సినిమా పుట్టిన కొత్తల్లో తీసిందట. తెర మీది ఇంగ్లీషు అక్షరాలు ఊరికి అర్థం కావు కనుక నాయనను మైకు ముందు కూర్చోబెట్టారు. ముందు వరస కుర్చీలో పెదనాయన, ఆడవాళ్ల వైపు చాప మీద నేనూ మా చిన్నమ్మా. నాయన తమ్ముడు, మా చిన్నాయన పోయాక ఆయన వాటా మామిడితోపును పెదనాయన తన పేర రాయించుకున్నాడు. చిన్నమ్మ ఆ పెదనాయన ఇంట్లోనే వండి వడ్డిస్తూ బతికేది. అంతా తెలిసీ నాయన నోరెత్తలేదు.

మొదట్లో నాయన భలే నవ్వించాడు. పొడుగు టోపీ దొరను చూపించి, "తాలూకాఫీసు గుమాస్తా మాదిరుండాడు" అన్నాడు. అంతలో ఆ దొర, చనిపోయిన తమ్ముడి కూతురి ఆస్తి కాజేసి, ఆ పిల్లను తన ఇంట్లోనే పనికి పెట్టుకున్నాడు. నాయన గొంతు ఆగిపోయింది. తెర మీద బొమ్మలు ఊరికే కదులుతున్నాయి.

చీకట్లో చిన్నమ్మ లేచి నిలబడింది. "నిలపద్దు బావా, చెప్పు. ఆ బిడ్డ ఆస్తి ఎవురు తినేసినారు?"

"సొంత పెదనాయనే తినేసినాడమ్మా," అన్నాడు నాయన మైకులోనే. "సూస్తా ఉన్నోళ్లు ఒక్కరూ అడగల్యా."

పెదనాయన కుర్చీ వెనక్కి తోసి లేచాడు. "ఏమప్పా, కత సెప్తా ఉండావా, నన్ను తిడతా ఉండావా?"

"రెండూ ఒకటే అయిపోయినాయన్నా."

మర్నాడే చిన్నమ్మ మా ఇంటికి వచ్చేసింది. నాయన ఆమెను చిత్తూరు బస్సెక్కించి వకీలు దగ్గరికి తీసుకుపోయాడు. తర్వాత బోనెక్కి అన్న చేసిందీ తాను చూసిందీ చెప్పాడు. వాయిదాల మీద వాయిదాలు పడి తీర్పు చిన్నమ్మకే వచ్చింది గానీ, అప్పటికే పెదనాయన చెట్లన్నీ కొట్టించి కట్టెల కింద అమ్మేశాడు. ఆ బీడు నేలలోనే చిన్నమ్మ మళ్లీ మొక్కలు నాటింది. అన్నదమ్ములు ఆపైన మాట్లాడుకోలేదు. పెదనాయన పోయిన రోజు నాయన ఆ వీధి మొదటి దాకా వెళ్లి, ఇంటి ముందుకు పోలేక తిరిగొచ్చాడు.

తోపు ఎవరిదో కోర్టు తేల్చింది. నాయన ఆ ఒక్క మాట అనేలోగా చిన్నమ్మకు గడిచిపోయిన ఏళ్లు ఎవరి వాటాలో వేయాలో, నాకు ఈ వయసుకీ తెలియడం లేదు.